మూగబొమ్మలో నెహెమ్యా కేక

రాళ్ళగుంటలో గట్టి గొంతులకు ఎన్నడూ కొదవ లేదు. నాపరాతి నేల మీద పుట్టిపెరిగినవారికి మెల్లగా మాట్లాడటం అబ్బదు. పొలంలో ఈ గట్టున ఉన్న మనిషి ఆ గట్టున ఉన్న మనిషిని చుట్టకు నిప్పు అడిగితే, ఊళ్ళో అంగడివాడు తననే పిలిచారనుకొని లేచి నిలబడతాడని నడికుడివాళ్ళు ఎగతాళి చేసేవారు. నడికుడివాళ్ళ మాటకేం! పొద్దస్తమానం రైళ్ళ కూతల మధ్య బతికేవాళ్ళకు ఇతరుల గొంతుల మీద తీర్పు చెప్పే అర్హత ఎక్కడిది? ఏమైనా, అటువంటి ఊళ్ళో సైతం 'గొంతు' అన్న మాట వినబడగానే అందరి మనస్సులోనూ మెదిలే మనిషి ఒక్కడే. అతడు చాటింపు నెహెమ్యా.

నెహెమ్యా పొడగరి కాడు, బలశాలి అంతకంటే కాడు. తప్పెట మెడలో వేసుకుంటే మనిషికంటే తప్పెటే ముందుగా కంటబడేది. పంచాయతీవారు పన్ను గడువు తెలపాలన్నా, పశువుల డాక్టరు రాకను చెప్పాలన్నా, తప్పిపోయిన దూడ ఆనవాళ్ళు వినిపించాలన్నా అతడు రావలసిందే. తాటాకు మంట మీద తప్పెట కాచి, వేలితో మీటి చూసుకొని, వీధి మొదట నిలబడి నాలుగు దెబ్బలు వేసి, "ఇందుమూలముగా యావన్మంది ప్రజలకూ తెలియజేయడమేమనగా" అని అందుకునేవాడు. అక్కడినుంచి వాక్యం అసమాపక క్రియల మీద అడుగులు వేసుకుంటూ సాగేది. ఆఫీసుకు వచ్చి, గుమాస్తాను కలిసి, పన్ను కట్టి, రసీదు పుచ్చుకొని అంటూ నడుస్తూ నడుస్తూ వీధి చివరకు చేరితేగాని అతని నోట సమాపక క్రియ వెలువడేది కాదు. దీనివల్ల ఒక చిక్కు వచ్చిపడింది. కర్త వీధి మొదట ఉన్నవాళ్ళకూ, క్రియ వీధి చివర ఉన్నవాళ్ళకూ దక్కగా, నడివీధివాళ్ళకు మధ్య ముక్క మాత్రమే మిగిలేది. ఏదో కట్టాలని తెలిసేదిగాని ఏమిటో, ఎప్పటిలోగానో తెలిసేది కాదు. పన్ను బకాయిలు నడివీధిలోనే ఎందుకు ఎక్కువని తాలూకా అధికారి ఒకరు ఆశ్చర్యపోయారట. వాక్యనిర్మాణం తెలిసినవారికి అందులో ఆశ్చర్యపడవలసింది ఏమీ లేదు.

ఇంతటి గొంతుగల మనిషికి దేవుడు ఏరికోరి ఇచ్చిన భార్య ఎస్తేరుకు చెవులు వినబడవు.

పెళ్ళయిన కొత్తలో వచ్చిన విషజ్వరం ఆమె వినికిడిని పట్టుకుపోయింది. ఊరు మాత్రం జ్వరం సంగతి ఒప్పుకోలేదు. జ్వరమూ లేదు, గిరమూ లేదు, పక్కన పడుకొని ఒకసారి గట్టిగా దగ్గి ఉంటాడు, అంతేనని నీళ్ళబావి దగ్గర ఆడవాళ్ళు తేల్చేశారు. మొదట్లో నెహెమ్యా ఇంట్లో కూడా కేకలు వేసేవాడు. ఎంత అరిచినా ఒకటేనని తెలిసిన తరువాత గొంతు మానేసి పెదవులు మాత్రమే కదపడం నేర్చుకున్నాడు. ఆ పెదవులను చదవడం ఎస్తేరు నేర్చుకున్నది. అతడు మాట పూర్తిచేయకముందే ఆమె జవాబు చెప్పేది. ఊరంతా అదిరేలా చాటి వచ్చిన మనిషి తన గడప దాటగానే పాతకాలపు మూకీ సినిమాలో వేషగాడైపోయేవాడు. ఆలుమగలు పోట్లాడుకున్నా ఇరుగుపొరుగుకు సగమే వినబడేది. అతడు ఏమన్నాడో తెలియక, ఆమె జవాబులు మాత్రమే విని, ప్రశ్నలను ఊహించుకోవలసిరావడం పక్కింటి పాపమ్మకు తీరని మనోవ్యథ.

పందొమ్మిదివందల అరవైలో రాళ్ళగుంటకు మంచినీళ్ళ టాంకు వచ్చింది. అప్పటికి సాగరు డాము ఇంకా కడుతూనే ఉన్నారు. కాలువలు కాగితాల మీద పారుతున్నాయి. ఆ ఊళ్ళో బావి తవ్వితే రాయి పడేది, పట్టుబట్టి ఇంకా తవ్వితే ఇంకా పెద్ద రాయి పడేది. అటువంటి చోట ఎత్తున నిలబడ్డ సిమెంటు టాంకును చూసి పెద్దవాళ్ళు సైతం మెడలు నొప్పి పుట్టేదాకా తలలెత్తి నిలబడేవారు. టాంకుకు మంజూరు తెచ్చినవాడు పంచాయతీ ప్రెసిడెంటు జక్కయ్య. టాంకు కట్టడానికి స్థలం ఇచ్చినవాడు నరసింహారావు. ఇద్దరూ వరసకు బావాబామ్మర్దులు. ఏళ్ళ తరబడి ఒకరితో ఒకరు మాట్లాడుకోరు. ఎందుకు మాట్లాడుకోరో ఇద్దరికీ సరిగా గుర్తులేదుగాని, మాట్లాడుకోకూడదన్న సంగతి మాత్రం ఇద్దరికీ బాగా గుర్తుంది.

గాంధీ జయంతినాడు ప్రారంభోత్సవం. బస్సులు ఆగే చోటినుంచి టాంకుదాకా ఊరేగింపు. ఊరేగింపు ఎంత చక్కని మాట! ఊరు, ఏగు అనే రెండు మాటలు కలిసి ఏర్పడింది, ఏగడమంటే వెళ్ళడం. నిజానికి ఊరేగింపులో ఊరు ఎక్కడికీ ఏగదు, ఊరి పెద్దలు ఏగుతుంటే ఊరు నిలబడి చూస్తుంది. ఈ వ్యత్యాసాన్ని పక్కన పెడితే, అసలు చిక్కు మరొకటి వచ్చింది. ఊరేగింపు ముందు నడిచే నెహెమ్యా ఇద్దరు పెద్దలలో ఎవరి పేరు ముందు చాటాలి?

తెలుగు వాక్యంలో కర్తలు ఇద్దరుంటే ఎవరిని ముందు చెప్పినా అర్థం చెడదు. క్రియ ఇద్దరినీ ఒకే బహువచనంతో గౌరవించి ఊరుకుంటుంది. వ్యాకరణానికి ఉన్న ఈ ఉదారబుద్ధి పంచాయతీకి లేదు. మంజూరు తెచ్చినవాడు ముందని ఒక పక్షం, జాగా లేకపోతే టాంకు ఆకాశంలో కడతారా అని రెండో పక్షం. పంతాలు ముదిరి కర్రలదాకా పోయేలోగా పెద్దమనుషులు కూర్చుని ఒక రాజీ కుదిర్చారు. ఊరేగింపు దారికి సరిగ్గా మధ్యలో ఊరి చావడి ఉన్నది. చావడి మెట్టు ముందు పరిచిన పెద్ద నాపరాయి హద్దు. ఆ రాయి చేరేదాకా జక్కయ్య పేరు ముందు. రాయి దాటిన తరువాత నరసింహారావు పేరు ముందు. ఊరిని గీత గీసినట్టు పంచి ఆ గీత మీద నెహెమ్యాను నడవమన్నారు. అతడు తల ఊపాడు. ఊపక ఏం చేస్తాడు?

ఇక ఈ కథకు మూలమైన కెమెరా సంగతి. జక్కయ్య అల్లుడు గుంటూరులో పొగాకు కంపెనీ ఉద్యోగి. కంపెనీ దొర ఒకడు తన సీమకు వెళ్ళిపోతూ ఇచ్చిన సినిమా కెమెరా ఒకటి అతని దగ్గర ఉండేది. గడియారానికి ఇచ్చినట్టు దానికి కీ ఇవ్వాలి. ఇచ్చిన కీ కాసేపట్లో అయిపోతుంది. మళ్ళీ కీ ఇచ్చేలోగా లోకంలో జరిగినదేదీ బొమ్మలోకి రాదు. దానికి చూపేగాని చెవి లేదు. దొరల కాలంలో దానితో గుంటూరులో పట్టాభిషేక ఉత్సవాలూ, పోలీసు కవాతులూ పట్టారట. అటువంటి బొమ్మలు చూసినవారికి ఒక సంగతి తెలుస్తుంది: వాటిలో మహారాజశ్రీలంతా చీమల్లా పరుగెత్తుతారు. నింపాదిగా నడిచిన పెద్దమనిషి తెరమీద అప్పులవాడు తరుముతున్నట్టు గబగబా పోయి, పూలదండ వేయించుకొని, గబగబా నమస్కారాలు పెట్టి మాయమవుతాడు. వేడుక ఎంత గంభీరమైనదైతే బొమ్మ అంత నవ్వు పుట్టిస్తుంది. ఈ రహస్యం తెలియక లోకంలోని పురపాలకులందరూ ఆ రోజుల్లో మూకీ బొమ్మలు తీయించుకున్నారు. అల్లుడుగారు కెమెరా తెస్తాడని తెలిసి జక్కయ్య కొత్త ఉత్తరీయం కొన్నాడు. అది తెలిసి నరసింహారావు రెండు కొన్నాడు.

గాంధీ జయంతినాటి ఎండ గాంధీగారంత శాంతమైనదేమీ కాదు. మాచర్ల బ్యాండు మేళం ఒక వైపు, టపాకాయలు ఒక వైపు, జిందాబాదులు రెండు వైపులా సాగుతుండగా నెహెమ్యా తప్పెట వాయించుకుంటూ ముందు నడిచాడు. అల్లుడుగారు చావడి అరుగెక్కి కెమెరాకు కీ ఇచ్చుకొని సిద్ధంగా ఉన్నాడు. చావడి దగ్గర జనం ఒత్తిడిలో మేళం, టపాకాయలు, జిందాబాదులు అన్నీ ఒక్కసారే చెలరేగాయి. నెహెమ్యా కేక ఆ గోలలో మునిగిపోయింది. అతని జీవితంలో అలా మునిగిపోవడం అదే మొదటిసారి. తరువాత టాంకు దగ్గర సమితి అధికారి కుళాయి తిప్పారు. కుళాయి ముందుగా బుస్సుమన్నది, దగ్గింది, ఉమ్మింది, చాలా సేపటికి నీళ్ళిచ్చింది. అప్పటికి కెమెరా కీ అయిపోయింది. బొమ్మలో కుళాయి ఉన్నదిగాని నీళ్ళు లేవు.

మరునాటినుంచి తగవు మొదలు. చావడి రాయి ఇంకా రాకముందే నరసింహారావు పేరు ముందు అన్నాడని జక్కయ్య పక్షం. రాయి దాటిన తరువాత కూడా జక్కయ్య పేరే ముందు అన్నాడని నరసింహారావు పక్షం. ఒక్క విషయంలో రెండు పక్షాలూ ఏకమయ్యాయి: తప్పు నెహెమ్యాదే. మరోచోటైతే ఇంతటితో మరిచిపోదురు. కోడి పందెం దగ్గర మొదలైన మాట యుద్ధందాకా పోయిందని తాతలనాటినుంచి చెప్పుకునే గడ్డ అది. మరుపు అక్కడ అంత తేలికగా పండే పంట కాదు. సంక్రాంతి వెళ్ళేసరికి జక్కయ్య ఒక నిర్ణయానికి వచ్చాడు. పిడుగురాళ్ళలో మైకు సెట్లు వచ్చాయి. రిక్షా మీద పెట్టి తిప్పితే ఎట్లా రాసిస్తే అట్లాగే అందులో చదువుతారు, పేర్ల వరస తప్పదు. నెహెమ్యా తప్పు చేసినట్టు తేలితే చాటింపు పని మైకుకు ఇచ్చేయడమేనని పంచాయతీలో అనేశాడు. నరసింహారావు పక్షం మొదటిసారిగా ప్రెసిడెంటు మాటకు అడ్డు చెప్పలేదు.

నెహెమ్యాకు తిండి సయించలేదు. తప్పెట తన తండ్రిది, తండ్రికి అతని తండ్రి ఇచ్చింది. పని పోతే కూలికి పోవచ్చు, కాని వీధి మొదట నిలబడి నాలుగు దెబ్బలు వేస్తే గడపలన్నీ ఆలకించే ఆ క్షణం కూలిలో ఎక్కడ దొరుకుతుంది? దానికంటే ఎక్కువ బాధ మరొకటి. ఆ రోజు చావడి దగ్గర తాను ఏ పేరు ముందు అన్నాడో అతనికే గుర్తులేదు. అన్నిసార్లు అన్న రెండు పేర్లు నోట్లో ఒకదానితో ఒకటి కలిసిపోయాయి. తప్పు చేయలేదని ప్రమాణం చేయడానికి బైబిలు మీద చేయి పెట్టబోయి, తెలియని సంగతికి దేవుణ్ణి సాక్షిగా పిలవడం మర్యాద కాదని తీసేశాడు.

మిరపకాయలు గోదాములకు చేరే రోజుల్లో బొంబాయిలో కడిగించిన రీలు గుంటూరు మీదుగా ఊరు చేరింది. జక్కయ్య వెంటనే నెహెమ్యాను పిలిపించాడు.

"బొమ్మ అబద్ధమాడదురా నెహెమ్యా. నీ నోరు అందరికీ కనపడతది. ఏ పేరు ముందన్నావో ఇయ్యాల తేలిపోద్ది."

"తేలనియ్యండయ్యా," అన్నాడు నెహెమ్యా. "నాక్కూడా తెలుసుకోవాలనే ఉంది."

ప్రొజెక్టరు ఆడటానికి కరెంటూ, చీకటీ, రెండు పక్షాలవాళ్ళూ కాలుపెట్టడానికి ఒప్పుకునే చోటూ కావాలి. ఈ మూడూ ఉన్నది కమిషను వ్యాపారి కోటేశ్వరరావు మిరపకాయల గోదాము ఒక్కటే. జక్కయ్య కాయా, నరసింహారావు కాయా ఒకే కప్పు కింద తగవులేకుండా పడి ఉండే చోటు అది. మధ్యాహ్నం పూట తలుపులు మూసి, కిటికీలకు గోనెపట్టాలు కట్టి, గోడకు పంచె బిగించారు. బస్తాల మీద ఒక వైపు జక్కయ్య పక్షం, మరో వైపు నరసింహారావు పక్షం కూర్చున్నది. తలుపులు మూసేసరికి మిరపఘాటు తన పక్షం తాను మొదలుపెట్టింది. ప్రెసిడెంటు మొదట తుమ్మాడు. గౌరవం దక్కించుకోవడానికి నరసింహారావు రెండుసార్లు తుమ్మాడు. ఆ తరువాత వరస ఎవరూ పాటించలేదు.

పంచె మీద రాళ్ళగుంట వెలిగింది. బస్సు వచ్చింది, సమితి అధికారి దిగారు, జక్కయ్య ఆదరాబాదరాగా దండ వేశాడు, నరసింహారావు అంతకంటే ఆదరాబాదరాగా ఇంకొకటి వేశాడు, బ్యాండు మేళం చప్పుడు లేకుండా బుగ్గలు పూరించింది. ఊరి పెద్దలందరూ పరుగులాంటి నడకతో వీధి వెంట పోతుంటే గోదాములో నవ్వో తుమ్మో తెలియని శబ్దాలు వినబడ్డాయి. అంతలో చావడి వచ్చింది. రాయికి నాలుగడుగుల ముందు నెహెమ్యా ముఖం దాదాపు తెరనిండా నిలిచింది. అల్లుడుగారికి ఆ ముఖం నచ్చి దగ్గరగా పట్టినట్టున్నది. కళ్ళు ఒక పక్కకు తిరిగి, నోరు బావి మాదిరి తెరుచుకొని, మూసుకొని, మళ్ళీ తెరుచుకున్నది. చప్పుడు లేదు.

"అదుగో 'నర' అన్నాడు," అని జక్కయ్య పక్షంలో ఒకరు. "కళ్ళు దొబ్బినయ్యా? 'జక్క' అంటంటే," అని అవతలి పక్షం. రీలు వెనక్కు తిప్పించి మళ్ళీ చూశారు. మళ్ళీ చూశారు. ఎవరి పెదవులు వాళ్ళు తెరమీది పెదవులతో పాటు కదిపి సరిచూసుకున్నారు. అక్షరాల ఉచ్చారణ చెప్పే శిక్షాశాస్త్రం చదివినవాడు ఒక్కడైనా ఆ గోదాములో ఉంటే అంత శ్రమ తప్పేది. నకారం దంత్యం, జకారం తాలవ్యం. రెంటికీ పెదవులతో నిమిత్తం లేదు. పళ్ళ వెనక నాలుక చాటుగా చేసే పని ఏ తెరమీదా కనబడదు. ఇద్దరు నాయకులలో ఒక్కరికైనా తల్లిదండ్రులు పకారంతోనో మకారంతోనో మొదలయ్యే పేరు పెట్టి ఉంటే తగవు ఆ నిమిషాన తీరిపోయేది. పేరు పెట్టేటప్పుడు అంత ముందుచూపు ఎవరికి ఉంటుంది?

నెహెమ్యా గోడవార నిలబడి తన నోటివంక తానే చూస్తున్నాడు. జన్మలో ఎన్నడూ చూడని దృశ్యం. అంత పెద్దగా తెరుస్తాడా తాను? అంత తెరిచి ఏమన్నట్టు?

చివరికి కోటేశ్వరరావుకు విసుగు పుట్టింది. అవతల బేరం ఆగిపోయింది. "ఆ పెదాలు చదవటం వచ్చిన మనిషి బయట తొడిమలు తీస్తంటే మనమిక్కడ తుమ్ముకుంటా కూర్చోటమేంది?" అన్నాడు.

ఎస్తేరు నిజంగానే గోదాము ముంగిట ఆడవాళ్ళతో కలిసి కాయల తొడిమలు తీస్తున్నది. ఆమెను లోపలికి తీసుకువచ్చి, బస్తా మీద కూర్చోబెట్టి, సంగతి సైగలతో చెప్పారు. ఆ ఘాటులో తుమ్మని ప్రాణి ఆమె ఒక్కతే. రీలు మళ్ళీ ఆడింది. ఎస్తేరు మొదట తన భర్త ముఖం చూసింది. తరువాత, ఇంకెవరూ చూడని తెర అంచువైపు చూసింది. మళ్ళీ ఒకసారి వేయమని చేయి ఊపింది. వేశారు. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకొని నవ్వింది.

వినబడని మనిషి గనుక ఆమె గొంతు కూడా చిన్నదేమీ కాదు. "ఏ పేరూ అనలేదయ్యా," అన్నది. "నన్ను తిడతన్నాడు."

గోదాము ఒక్క క్షణం తుమ్మడం మరిచిపోయింది. ఏమని తిడుతున్నాడో చెప్పమని జక్కయ్య చేయి తిప్పాడు.

"'ఏమే, ఎండలో నిలబడ్డావేంది, నీడకు పో' అంటన్నాడు. కావాలంటే చూడండి, ఆ మూల నిలబడింది నేనే."

రీలు మరోసారి తిప్పారు. నిజమే. చావడికి ఎదురుగా, తెర ఎడమ అంచున, నెహెమ్యా కళ్ళు తిరిగిన వైపే, నెత్తిన కొంగు కప్పుకొని, కళ్ళకు చేయి అడ్డం పెట్టుకొని మిటమిటలాడే ఎండలో ఎస్తేరు నిలబడి ఉన్నది. అన్నిసార్లు చూసినా అందరూ నాయకుల పేర్లను వెతుకుతూ ఆ మనిషిని చూడనేలేదు.

మొదట నవ్వినవాడు కోటేశ్వరరావు. ఆ నవ్వు బస్తా మీదినుంచి బస్తా మీదికి పాకింది. నాయకులిద్దరూ నవ్వలేదు. ఇద్దరి మనస్సులోనూ ఒకే లెక్క నడుస్తున్నది: తన పేరు ముందు రాలేదు, నిజమే, కాని వాడి పేరూ రాలేదు. రాకపోవడంలో ఇద్దరూ సమానం. అంతటి సమానత్వం వారికి రాజీలో కూడా దొరకలేదు.

"పంచాయతీ పని మీద ఉండి పెళ్ళాంతో ముచ్చట్లేందిరా నీకు?" అన్నాడు జక్కయ్య. అడగాలి గనుక అడిగాడు.

"పోనీలే బావా," అన్నాడు నరసింహారావు. "ఎండ అట్టా ఉండె ఆ పొద్దు."

ఆ 'బావా' అన్న మాట నోరు జారిందని గ్రహించి నరసింహారావు వెంటనే తుమ్మాడు. ఆ తుమ్ముకు మిరపకాయలు బాధ్యత వహించవని అందరికీ తెలిసింది. జక్కయ్య గోనెపట్టాలు తీయమన్నాడు. మైకు సెట్టు మాట ఆ రోజు ఎవరూ ఎత్తలేదు, ఆ మరునాడు కూడా.

పొద్దుగూకే వేళకు నెహెమ్యా ఇల్లు చేరాడు. ఎస్తేరు చేతుల మంట పోవడానికి నూనె రాసుకుంటున్నది. అతడు ఎదురుగా గొంతుక్కూర్చుని, చప్పుడు లేకుండా అడిగాడు: నిజంగా ఆ మాట అన్నానా?

పక్కింటి పాపమ్మ దడి దగ్గర చెవి నిలబెట్టి ఉన్నదని ఎస్తేరుకు తెలుసు. అందుకని జీవితంలో మొదటిసారిగా ఆమె కూడా గొంతు మానేసి పెదవులతోనే చెప్పింది. నరసింహారావుగారి పేరే ముందన్నావు. రాయి ఇంకా రాకముందే.

నెహెమ్యాకు అప్పుడు గుర్తొచ్చింది. చావడి దగ్గర జనంలో తల తిప్పితే ఎండలో ఆమె కనబడటం, తన చాటింపు ఒక్కటీ వినలేని మనిషి వినడానికి వచ్చినట్టు నిలబడి ఉండటం, అది చూసి నోట్లో పేర్ల వరస తప్పడం. ఆ సంగతి చెప్పాడు. మరి ఆ నీడకు పొమ్మన్న మాట అబద్ధమేగా అని కూడా అన్నాడు.

ఎస్తేరు నూనె చేతులు తుడుచుకున్నది. అబద్ధమెందుకయిద్ది? అనాల్సిన మాటేగా, నువ్వు అనలేదు గాని.

దడి అవతల పాపమ్మకు ఒక్క ముక్కా వినబడలేదు. వాళ్ళు అన్నం కూడా తినకుండా ఆ రోజు అలిగి పడుకున్నారని ఆమె బావి దగ్గర చెప్పింది.

మరుసటి గాంధీ జయంతి వచ్చింది. టాంకు పండుగ పేరుతో మళ్ళీ ఊరేగింపు. నెహెమ్యా తప్పెట వాయిస్తూ చావడి దగ్గరికి వచ్చేసరికి ఊరి కళ్ళన్నీ అతని నోటి మీదనే ఉన్నాయి. మేళంవాళ్ళు కూడా ఆపి చూస్తున్నారు. చావడికి ఎదురుగా, అదే చోట, నెత్తిన కొంగుతో ఎస్తేరు నిలబడి ఉన్నది. పక్కనే ఇంటి పంచ ఉన్నది, పంచలో నీడ ఉన్నది. ఆమె మాత్రం ఎండలోనే ఉన్నది. నెహెమ్యా తప్పెట మీద చేయి అదిమి శబ్దం ఆపాడు. ఊపిరి పీల్చుకున్నాడు. రాళ్ళగుంట నాపరాళ్ళు అదిరేలా కేక వేశాడు.

"ఏమే ఎస్తేరూ, ఎండలో నిలబడ్డావేంది? నీడకు పో!"

ఊరు గొల్లుమన్నది. ఎస్తేరు మహారాణిలాగా తల ఊపి పంచలోకి నడిచింది. ఊరేగింపు కదిలింది. రాయి దాటిన తరువాత ఎవరి పేరు ముందు వచ్చిందో ఆ సంవత్సరం ఎవరూ పట్టించుకోలేదు. ఆనాటినుంచి అదొక ఆచారమైపోయింది. టాంకు పండుగనాడు ఊరేగింపు చావడి ముందు ఆగాలి, నెహెమ్యా ఆ మాట అనాలి, ఎస్తేరు నీడకు పోవాలి, అప్పుడే పెద్దలు ముందుకు కదలాలి. కొత్తగా వచ్చిన సమితి అధికారి ఒకరు ఇది ఏ శాస్త్రంలో ఉన్నదని అడిగితే, జక్కయ్య గంభీరంగా, ఇక్కడి పద్ధతి ఇంతేనండి అన్నాడట.

ఆచారాలు నిలిచినా గొంతులు నిలవవు. సాగరు కాలువలో మొదటిసారి నీళ్ళు వచ్చిన రోజులకు నెహెమ్యా గొంతు జీరపోయింది. కేక మొదలయ్యేదిగాని వీధి చివరకు చేరేది కాదు. ఇప్పుడు సమాపక క్రియ అందక చివరి ఇళ్ళవాళ్ళు నడివీధివాళ్ళలో కలిశారు. మైకు సెట్టు వచ్చింది. ఎవరి కోపం వల్లనూ రాలేదు, కాలం తీసుకువచ్చింది. నెహెమ్యా తప్పెటను పాత దుప్పటిలో చుట్టి దూలానికి కట్టాడు. టాంకు పండుగ మాత్రం సాగింది. ఆ సాయంత్రం అదే గోదాములో, అదే పంచె మీద, అతుకులు పడ్డ ఆ పాత రీలు వేయడం కూడా పండుగలో భాగమైంది. ఊళ్ళో పోయినవాళ్ళు కొందరు ఆ బొమ్మలో ఇంకా హడావుడిగా నడుస్తున్నారు గనుక వాళ్ళ ఇంటివాళ్ళు తప్పకుండా వచ్చేవారు.

చాటింపు మానిన మొదటి ఏడాది నెహెమ్యా గోదాముకు రానన్నాడు. ఎస్తేరు చేయి పట్టుకొని లాక్కువచ్చి ముందు వరసలో కూర్చోబెట్టింది. బస్సు వచ్చింది, దండలు పడ్డాయి, మేళం మూగగా బుగ్గలు పూరించింది. చావడి వచ్చింది. తెరమీద నెహెమ్యా నోరు తెరుచుకున్నది. అంతే, వెనక బస్తాల మీద కూర్చున్న ఊరు ఊరంతా, పిల్లలూ ముసలివాళ్ళూ, ఈ పక్షమూ ఆ పక్షమూ, ఒక్క గొంతుతో అందుకున్నది: "ఏమే ఎస్తేరూ, ఎండలో నిలబడ్డావేంది? నీడకు పో!"

గోదాము రేకులు మోగాయి. నెహెమ్యా ఉలిక్కిపడి వెనక్కు తిరిగాడు. అతడు తిరగడం చూసి ఎస్తేరు కూడా తిరిగింది. తెర వెలుగు అందరి ముఖాల మీద పడుతున్నది. రీలు తిప్పేవాడు ఉత్సాహంతో అదే ముక్క మళ్ళీ వేశాడు. ఎస్తేరుకు వినబడలేదు, వినవలసిన అవసరమూ లేకపోయింది. అన్ని నోళ్ళ మీదా ఒకే మాట కదులుతున్నది, అన్ని నోళ్ళలోనూ తన పేరు.

ఆమె ఆ నోళ్ళన్నింటినీ ఒకసారి తీరికగా చూసుకున్నది. తరువాత నడుము మీద చేయి వేసుకొని, "యాడుందయ్యా ఎండ? అంతా చీకటేగా," అన్నది.

ఆ నవ్వుల్లో నెహెమ్యా ఆమెవైపు వంగి ఏదో అన్నాడు. పెదవులు మాత్రమే కదిలాయి. వెనక బస్తా మీదినుంచి పాపమ్మ ముందుకు ఒరిగి, ఏమన్నాడే అని ఆమె భుజం గోకింది. ఎస్తేరు తెరవైపు తిరిగి కూర్చున్నది. అక్కడ సమితి అధికారి గబగబా కుళాయి తిప్పుతున్నారు; నీళ్ళు రాకముందే రీలు అయిపోయింది.